జైలు పుస్తకాలు చదివించబోతున్న భార్గవికి

చిత్తూరు

చిరంజీవి భార్గవికి పెదనాన్న ఆశీర్వదించి రాయునది.

తిరుపతిలో పదిమందిని పోగుచేసి, జైళ్ల మీద, ద్వీపాంతర శిక్షల మీద వచ్చిన పుస్తకాలు నెలకొకటి చదివించాలని అనుకున్నావంట, మీ నాన్న చెప్పినాడు. నీ జాబితా కూడా చూపించినాడు. దాంట్లో మొదటి పేరే మార్చమంటాను. ‘రెక్కలు చాచిన పంజరం’ నాలుగో నెలకో ఐదో నెలకో జరుపు. అది ఆన్రీ షారియర్ ‘పాపియాన్’కు తెలుగు. 1969లో ఫ్రెంచిలో వచ్చిన ఆ పుస్తకం ఆపకుండా చదివిస్తుంది, చిక్కంతా అక్కడే. పారిపోయినాడా దొరికినాడా అనే ఉత్కంఠలో ఆ శిక్షను నడిపిన చట్టం ఎవరి కంటా పడదు. పైగా అదంతా రచయిత సొంత అనుభవమేనా అన్న అనుమానాలు ఎప్పటినుంచో ఉన్నాయి, చర్చ మొత్తం దానిమీదే తెల్లారిపోతుంది.

ఆ కథ జరిగేది దక్షిణ అమెరికాలో, ఫ్రాన్సు తన ఖైదీలను పంపిన ఫ్రెంచి గయానాలో. దాని గురించి ముందుగా తెలియాల్సింది 1854 నాటి చట్టం. ఎనిమిదేళ్ల లోపు శిక్ష పడినవాడు శిక్ష ముగిశాక మళ్లీ అన్నేళ్లు అక్కడే ఉండాలి. ఎనిమిదేళ్లు, ఆపైన పడితే ఇక జీవితాంతం అక్కడే. విడుదలైనవాడికి పని లేదు, కూడు లేదు, ఊరికి పోయే దారీ లేదు. 1923లో అల్బేర్ లోండ్ర్ అనే విలేకరి అక్కడికి పోయి రాసిన కథనాలు ఫ్రాన్సులో పెద్ద దుమారం లేపినాయి. ఆ చట్టం సంగతి పదినిమిషాలు చెప్పి, తర్వాత షారియర్ పుస్తకం చేతికియ్యి. అప్పుడు చదివే కన్ను వేరుగా ఉంటుంది.

మొదటి నెల కాఫ్కా కథ, శిక్షాద్వీపం మీద రాసింది. 1914లో రాసినాడు, 1919లో అచ్చయింది. పొడవైన కథే గానీ ఒక్క కూర్చోవడంలో అయిపోతుంది, గంటన్నర పెట్టుకో. ఇంటికిచ్చి పంపొద్దు, అందరూ కూర్చొని వంతులవారీగా పైకి చదవాలి. శిక్షయంత్రం మూడు భాగాలు: కింద పడక, పైన గీతలు నడిపే పెట్టె, మధ్యలో సూదుల దంతె. పన్నెండు గంటల పని. పొడుగు సూది ఖైదీ మీరిన ఆజ్ఞను అతని ఒంటిమీదే రాస్తుంది, పొట్టి సూది నీళ్లు చిమ్మి నెత్తురు కడుగుతుంది, చూసేవాళ్లకు కనబడాలని దంతెను గాజుతో చేసినారు. అక్కడ ఒకరిద్దరికి కడుపులో తిప్పుతుంది. ముందే చెప్పి పెట్టు, లేచి బయటికి పోవచ్చని. మిగతావాళ్లను మాత్రం ఆ యంత్రాన్ని నడిపే అధికారి ఫిర్యాదుల దగ్గర ఆపు. చక్రం కిర్రుమంటోందంటాడు, తెగిన పట్టీకి కొత్తది అడిగితే పాతది చూపించమంటున్నారంటాడు. మరమ్మతు గురించి అంత బాధపడేవాడికి మనిషి మీద ప్రశ్నే లేదు, ఎందుకంటే నేరం ఎప్పుడూ అనుమానించదగింది కాదని అతని సూత్రం. కాఫ్కా ప్రాగ్‌లో కార్మికుల ప్రమాద బీమా సంస్థలో పనిచేసిన లాయరు. యంత్రాలు, దరఖాస్తులు ఆయనకు కొత్తవి కావు.

రెండో నెల నుంచి ప్రతివాళ్ల చేతా ఒక నోటుబుక్కు పెట్టించు. రెండే ప్రశ్నలు. ఈ పుస్తకంలో కొలతలేవి? కలం ఎవరి చేతికి దొరికింది? ఏడుపు తెప్పించే వాక్యాలు ఎవరూ ఎత్తి రాసుకోనక్కర్లేదు. సంకెళ్ల బరువు, రొట్టె తూకం, పని గంటలు, దెబ్బల లెక్క, ఇవి రాసుకోవాలి. క్రూరమైన వ్యవస్థ కోపంతో కన్నా రిజిస్టరుతోనే ఎక్కువకాలం నడుస్తుంది.

దోస్తోయెవ్‌స్కీ నాలుగేళ్లు సైబీరియాలోని ఓమ్స్క్‌లో కఠినశిక్ష అనుభవించి, దానిమీద ‘ది హౌస్ ఆఫ్ ది డెడ్’ రాసినాడు. ఆ పుస్తకంలో ఆస్పత్రి అధ్యాయాలు చూడమను. క్షయతో చచ్చిపోతున్న ఖైదీకి కూడా కాళ్ల సంకెళ్లు తీయరు. కొనేముందు అనువాదం పూర్తిదో కాదో చూసుకో. మొదటి భాగంలో 11, రెండో భాగంలో 10 అధ్యాయాలు ఉండాలి, తగ్గితే సంక్షిప్తమే. ఇంగ్లీషులో కాన్‌స్టాన్స్ గార్నెట్ పాత అనువాదం నెట్‌లో ఉచితంగా దొరుకుతుంది. చెఖోవ్ 1890లో రష్యా ఖైదీలను పంపే సఖాలిన్ దీవిలో మూడు నెలలుండి, ఇంటింటికీ తిరిగి దాదాపు పదివేల జనగణన కార్డులు నింపినాడు. ఆ పుస్తకం 23 అధ్యాయాలు. మొదటినుంచి పట్టుకుంటే వాతావరణం, నేల, చేపల దగ్గరే సగంమంది జారుకుంటారు. 6, 21 అధ్యాయాలు ముందు చదివించు. ఆరోది ఒక ఖైదీ చెప్పిన సొంత కథ, ఇరవయ్యొకటోది కొరడా శిక్షల మీద. సోల్జెనిత్సిన్ అయితే 1962లో వచ్చిన ఇవాన్ డెనిసోవిచ్ ఒక్కరోజు కథ చాలు. గులాగ్ మూడు సంపుటాల జోలికి పోవద్దు, కొన్నవాళ్లే పూర్తిచేయరు.

అండమాన్ నెలలో గొడవ వస్తుంది. సావర్కర్ పేరు ఎత్తగానే గది రెండుగా చీలుతుంది. అక్కడే శిక్ష అనుభవించిన బారీంద్ర ఘోష్ 1922 పుస్తకం కూడా దానికి జతగా పెట్టి, ఆ రోజుకు నోటుబుక్కు ప్రశ్నలు తప్ప ఇంకేమీ అడగొద్దు. గానుగ తిప్పి రోజుకు 30 పౌన్ల కొబ్బరినూనె తీయాలి, అంటే 13.6 కిలోలు. ఇంకొకటి గుర్తుచెయ్యి: అక్కడ శిక్షల వలస మొదలైంది 1858లో, సెల్యులార్ జైలు కట్టింది 1896 నుంచి 1906 దాకా. మధ్యలో ఆ దీవికి పోయిన వేలమంది మామూలు ఖైదీలు మనకు పుస్తకాలు మిగల్చలేదు. రాసినవాళ్లు చదువుకున్న రాజకీయ ఖైదీలే. కలం ఎవరిదన్న ప్రశ్న అక్కడ గట్టిగా పనికొస్తుంది.

ఆ తర్వాత మన దగ్గరికి రావాలి. నీ జాబితాలో ఇదొక్కటే లేదు, నాకు నచ్చనిదీ ఇదే. చిత్తూరు నుంచి గంట ప్రయాణంలో ఉండే రాయవెల్లూరు జైల్లో ఉన్నవ లక్ష్మీనారాయణ ‘మాలపల్లి’ రాసినాడు, ప్రభుత్వం దాన్ని నిషేధించింది. అదే జైల్లో 1921 డిసెంబరు నుంచి మూడు నెలలు ఉన్న రాజాజీ డైరీ రాసుకున్నాడు. రెండూ జతగా చదివించు, నవలలోని జైలు ఘట్టాలు చాలు. తమిళం చదవగలిగినవాళ్లు మన జిల్లాలో కొదవ లేదు కాబట్టి చంద్రకుమార్ ‘లాకప్’ ఒకరి చేత చదివించి, అప్పటికప్పుడు తెలుగులో చెప్పించు. కోయంబత్తూరు ఆటో డ్రైవరు, గుంటూరు పోలీసుల చేతిలో పడ్డ అనుభవం. మామూలు మనిషికి కలం దొరికిన అరుదైన పుస్తకం.

స్టువర్టుపురం సంగతి జాగ్రత్తగా ఎత్తుకో. కొన్ని జాతులను పుట్టుకతోనే నేరస్థులుగా లెక్కగట్టిన 1871 నాటి నేరస్థ జాతుల చట్టం 1911 తర్వాత మద్రాసు రాజధానిలోనూ అమలైంది, దేశమంతటా రద్దయింది 1952లో. పుట్టుకే నేరమైనప్పుడు ఇక విచారణ ఎందుకు? నేరాన్ని అనుమానించనక్కర్లేదన్న కాఫ్కా అధికారి సూత్రం లాంటిదే అది. మీనా రాధాకృష్ణ 2001 పుస్తకం మద్రాసు రాజధాని మీదే రాసింది. దానికి తోడు జైలు మాన్యువళ్లలో కులాన్ని బట్టి పనులు పంచే నిబంధనల మీద 2024 అక్టోబరు 3న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు పెట్టు. గదిలో ఎరుకల ఇంటి పిల్లలు ఉండొచ్చు. ‘దొంగల జాతి’ అన్న మాట చట్టం నుంచి చదివేటప్పుడు తప్ప ఎవరి నోటా రానీయొద్దు.

మధ్యలో ఒక నెల పుస్తకం మానేసి, ఇద్దరిద్దరుగా కోర్టుకు పోయి వెనక బెంచీలో కూర్చోండి. విచారణ మామూలుగా బహిరంగమే, ఫోను మాత్రం ఆపేయాలి. రిమాండు ఒకసారికి 15 రోజులకు మించి పొడిగించకూడదు, ఆ పొడిగింపుకు ఎన్ని నిమిషాలు పడుతుందో గడియారం చూసి రాసుకోండి. పోయేముందు పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ స్థానంలో వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 479వ సెక్షను చదువుకోండి. అంతకుముందు ఏ నేరంలోనూ దోషిగా తేలనివాడు గరిష్ఠ శిక్షలో మూడో వంతు విచారణ ఖైదీగా గడిపితే బెయిలుకు అర్హుడు, మిగతావాళ్లకు సగం. మరణశిక్షో యావజ్జీవమో పడగల నేరాలకు ఇది వర్తించదు.

సమావేశం శనివారం, ఆదివారం పెట్టుకోవద్దు. కొండకు వచ్చే జనంతో చిత్తూరు, పీలేరు బస్సుల్లో నిలబడను కూడా చోటుండదు. బుధవారం సాయంత్రం ఆరుకు పెట్టు, ఎనిమిదికల్లా వదిలేయి.

ఇట్లు,
పెదనాన్న