థెల్మా రిట్టర్‌ని చూసి చిన్న పాత్రలు రాయడం నేర్చుకో

తమ్ముడూ,

నీ కథ చదివా. హీరో బాగున్నాడు, వాళ్ళ నాన్న ఇంకా బాగున్నాడు, కానీ ఆ ఇంట్లో వంట చేసే రత్తమ్మ మాత్రం కాఫీ తెచ్చివ్వడానికీ హీరోగారి బాధ వినడానికీ తప్ప ఇంకెందుకూ లేదు. ఆవిడకేం కావాలో నీకే తెలీదు, ఇక చదివేవాళ్ళకేం తెలుస్తుంది. అందుకే ఈ ఉత్తరం. థెల్మా రిట్టర్ అనే అమెరికన్ నటి సినిమాలు వరసపెట్టి చూడు.

1902లో బ్రూక్లిన్‌లో పుట్టింది, నాటకాలేసింది, పిల్లలు పుట్టాక మానేసింది, తర్వాత రేడియోలో చేసింది. సినిమాలో కనబడేసరికి 45 ఏళ్ళు. 1947లో 'మిరకిల్ ఆన్ 34త్ స్ట్రీట్', టైటిల్స్‌లో పేరు కూడా లేదు. కొడుక్కి బొమ్మ ఫైరింజన్ కోసం ఊరంతా తిరిగిన తల్లి, అంతే వేషం. మేసీస్ స్టోర్‌లో శాంటా పిల్లాడికి మాటిచ్చేస్తే ఆవిడకి ఒళ్ళు మండిపోతుంది, ఎక్కడా దొరకట్లేదు కదా మరి. ఆయనేమో ఫలానా షాపులో ఉంది వెళ్ళి కొనుక్కో అంటాడు. మేసీస్‌లో కూర్చుని వేరే షాపుకి పంపడమేంటని ఆవిడ నోరెళ్ళబెడుతుంది చూడు, పొద్దుట్నించీ తిరిగిన తిరుగుడంతా ఆ మొహంలోనే ఉంటుంది. స్టూడియో బాస్ డారిల్ జానక్ అది చూసి ఆ పాత్ర పెంచమన్నాడు.

అక్కణ్ణించి అన్నీ పనిమనుషులు, నర్సులు, తల్లుల వేషాలే. 'రియర్ విండో'లో కాలు విరిగి కూర్చున్న జేమ్స్ స్టూవర్ట్‌కి మసాజ్ చేసే నర్సు ఈవిడే. ఆస్కార్ సపోర్టింగ్ కేటగిరీలో 6 నామినేషన్లు, అందులో 4 వరసగా, ఒక్కటీ రాలేదు. నాకిప్పటికీ మనసొప్పదు. 1958లో నాటకాలకిచ్చే టోనీ అవార్డు మాత్రం వచ్చింది, 'న్యూ గర్ల్ ఇన్ టౌన్' మ్యూజికల్‌కి, అదీ అందులోనే చేసిన గ్వెన్ వెర్డన్‌తో పంచుకుని.

ఇవన్నీ ఒకెత్తు, 1953 నాటి 'పికప్ ఆన్ సౌత్ స్ట్రీట్' ఒకెత్తు. రాసింది, తీసింది శామ్యూల్ ఫుల్లర్. ఇందులో ఆవిడ పేరు మో. వీధుల్లో టైలు అమ్ముతుంది, పక్కనే పోలీసులకి దొంగల ఆచూకీ కూడా అమ్ముతుంది, ధర దగ్గర బేరమాడి మరీ. మామూలు రైటరైతే ఇక్కడితో ఆపేస్తాడు, హీరో అడ్రస్ చెప్పడానికి ఒక మనిషి కావాలి, దొరికింది, అయిపోయింది. ఫుల్లర్ ఆవిడకో కోరిక ఇచ్చాడు. అనాథ శవాల్ని పూడ్చే పాటర్స్ ఫీల్డ్‌లో తనని పూడ్చకూడదు, మంచి స్మశానంలో స్థలం, పైన రాయి, దానికే పైసా పైసా కూడబెడుతోంది. ఈ ఒక్కటి తెలిశాక ఆవిడ అమ్మే ప్రతి సమాచారం వేరేలా వినపడుతుంది. హీరో ఒక జేబుదొంగ, వాణ్ణి కూడా పోలీసులకి అమ్ముతుంది, వాడికి కోపం రాదు, ఆవిడ బతుకుతెరువు అది అని వాడికి తెలుసు.

ఇక ఆవిడ గదిలో సీను. అలిసిపోయి మంచం మీద కూర్చుంటుంది, గ్రామఫోన్ పాడుతుంటుంది, హీరో కొట్టేసిన రహస్య ఫిల్మ్ కోసం కమ్యూనిస్టుల మనిషి తుపాకీతో వచ్చి వాడి అడ్రస్ అడుగుతాడు. జీవితాంతం అడ్రస్‌లు అమ్మిన మనిషి ఆ ఒక్కటి అమ్మదు. చెప్పనంటే చంపేస్తాడని తెలుసు, దాచుకున్న డబ్బు ఎందుకో నీకూ తెలుసు. ఏడుపు లేదు, అరుపు లేదు, రోజంతా తిరిగి కాళ్ళు లాగుతున్న మనిషి మాట్లాడినట్టే మాట్లాడుతుంది. ఆ సీను నువ్వు ఆపి ఆపి చూడాలి, డైలాగ్ ఎక్కడ తగ్గించారో, ఊపిరి ఎక్కడ వదిలిందో పట్టుకో. ఆ తర్వాత హీరో వెళ్ళి ఆవిడ శవపేటికని పాటర్స్ ఫీల్డ్‌కి పోనివ్వకుండా విడిపించుకుంటాడు, అంటే సైడ్ క్యారెక్టర్ కోరిక హీరో పనైపోయింది. కథలో ఇంతకంటే గట్టి ముడి నాకు తెలీదు.

'ఆల్ అబౌట్ ఈవ్' (1950) కూడా చూడు, కానీ ఒక కన్నేసి చూడు. ఒక పెద్ద నాటకాల నటి దగ్గర బర్డీ అనే పనిమనిషి వేషం. ఆ నటికి అభిమానినంటూ వచ్చిన ఈవ్ అనే పిల్ల చెప్పే కష్టాల కథ విని గదిలో అందరూ కరిగిపోతుంటే వెటకారంగా ఒక మాట విసిరేది ఈవిడే. తర్వాత, ఆ పిల్ల మీ నడక, మాట, తిండి అన్నీ చదువుతోందని యజమానురాలికి చెప్పేదీ ఈవిడే. అంత గొప్ప పాత్ర, సినిమా సగంలో మాయమైపోతుంది. ఈవ్ అసలు రంగు బయటపడ్డాక బర్డీ ఏమందో మనకి చూపించలేదు, అంత మంచి స్క్రిప్ట్‌లో నాకది పెద్ద లోటు. ముందుగా అనుమానం వచ్చిన మనిషిని నువ్వు కథలోంచి అలా జారవిడవకు, ఉంచు, లేదా ఎందుకు వెళ్ళిపోయిందో రాయి.

మళ్ళీ రాయడానికి తొందరేం లేదు. ముందు 'పికప్' చూసి ఫోన్ చెయ్యి, మాట్లాడుకుందాం.