అమ్మ మీద సినిమా తీసేముందు

చిరంజీవి మేనకోడలికి,

అమ్మ మీద డాక్యుమెంటరీ తీస్తానన్నావు, సంతోషం. కానీ నువ్వు పంపిన స్క్రిప్టు చదివితే సన్మాన పత్రంలా ఉంది. ఆమె నా చెల్లెలే, ఆ పొగడ్తలన్నీ నిజమే. అయినా బయటివాళ్లు గంటన్నర కూర్చుని ఎందుకు చూడాలి?

ముందు సెర్బియా దర్శకురాలు మిలా తురాయ్‌లిచ్ తీసిన ‘ది అదర్ సైడ్ ఆఫ్ ఎవ్రీథింగ్’ చూడు. 2017లో ఆమ్‌స్టర్‌డామ్ డాక్యుమెంటరీ చిత్రోత్సవంలో పెద్ద బహుమతి దానికే వచ్చింది. అదీ తల్లి కథే. తల్లి స్ర్బియాంకా సెర్బియా రాజధాని బెల్‌గ్రేడ్ విశ్వవిద్యాలయంలో ప్రొఫెసర్‌గా పనిచేసింది, 1990లలో ఆ దేశాన్ని ఏలిన మిలోషెవిచ్ పాలనను ఎదిరించిన మనిషి. ఆమె ఉపన్యాసాలు ఏరి కూర్చినా ఒక సినిమా అయ్యేది. కూతురు ఆ పని చేయకుండా, ఇంట్లో తాళం వేసి ఉన్న ఒక తలుపును పట్టుకుంది. రెండో ప్రపంచ యుద్ధం తర్వాత యుగోస్లావియా కమ్యూనిస్టు ప్రభుత్వం (సెర్బియా అప్పుడు అందులో భాగం) వాళ్ల ఇంటిని విడగొట్టి, కొన్ని గదులు వేరేవాళ్లకు ఇచ్చింది. మధ్య తలుపు డెబ్బై ఏళ్లు మూసే ఉంది. ప్రభుత్వం ఇంట్లోకి ఎలా వస్తుందో చూపడానికి ఆమె వేరే ఎక్కడికీ పోనక్కరలేకపోయింది.

మీ ఇంట్లోనూ అలాంటిది ఉంది. బీరువా పైఅరలో మీ అమ్మ బదిలీ ఉత్తర్వుల కట్ట. సమ్మె చేసిన పంతులమ్మను ఏయే ఊళ్లకు తరిమారో అందులో వరుసగా కనబడుతుంది. అక్కడ మొదలుపెట్టు.

ఇంకో సంగతి. ఆ తల్లి తలుపుల ఇత్తడి పిడులు తుడుస్తూ కనిపిస్తుంది చూడు. మీ అమ్మను కుర్చీలో కూర్చోబెట్టి మైకు తగిలించావో, సంఘం మహాసభలో మాట్లాడినట్టే మాట్లాడుతుంది! చేతికి పని ఉండాలి. చిక్కుడుకాయలు ఈనెలు తీస్తుంటే అడుగు. జవాబు రాకపోతే కెమెరా ఆపకు, ఆ మౌనాన్ని నువ్వు నింపకు.

మిలా నేరుగా ఇంటి కథతో మొదలుపెట్టలేదని కూడా గుర్తుపెట్టుకో. రాజనీతి చదివి, తర్వాత సినిమా నేర్చుకుంది. 2010లో వచ్చిన మొదటి చిత్రం ‘సినిమా కొమునిస్టో’ యుగోస్లావియా కమ్యూనిస్టు నాయకుడు టిటో కాలంలో అక్కడి సినిమా పరిశ్రమ గురించి. అందులో టిటోకు ఇంట్లో సినిమాలు వేసిన ప్రొజెక్షనిస్టు జ్ఞాపకాలు వింటే, ఆమెకు మనుషులతో మాట్లాడించడం ఎంత బాగా తెలుసో అర్థమవుతుంది. 2022లో టిటో కెమెరామన్ లాబుదోవిచ్ తీసిన పాత రీళ్లతో రెండు చిత్రాలు చేసింది. ఒకటి అమెరికా, సోవియట్ కూటములు రెంటికీ దూరంగా నిలిచిన దేశాల అలీనోద్యమం మీద, మరొకటి అల్జీరియా విముక్తి పోరాటం మీద. 1961లో బెల్‌గ్రేడ్‌లో జరిగిన అలీన దేశాల సదస్సుకు మన నెహ్రూ కూడా వెళ్లాడు కదా, ఆ చరిత్ర మనకు మరీ పరాయిది కాదు.

తల్లిని మిలా పూజించలేదు. నిలదీసింది, తల్లీ ఎదురు ప్రశ్నించింది. సమ్మె రోజుల్లో మీ అమ్మ నిన్ను పక్కింట్లో వదిలి వెళ్లిపోయేది. నీ స్క్రిప్టులో ఆ ఊసే లేదు. అడుగు. కోపం వస్తే రానీ. అయితే ఏది ఉంచాలో ఏది తీసేయాలో ఎడిటింగ్ అయ్యాక ఆమెకూ ఒక మాట చెప్పే హక్కు ఉంటుందని ఇప్పుడే చెప్పు.

పండక్కి వచ్చేటప్పుడు తీసినంతవరకు హార్డ్ డిస్కులో తీసుకురా, కూర్చుని చూద్దాం. స్క్రిప్టు వద్దు.

మీ పెద్ద మామయ్య