ప్రోనోటు మీద ఆర్డర్ 37 దావా వేశారు, నా వాదన వినకుండానే డిక్రీ ఇచ్చేస్తారా?

వింటారు. కానీ ఆర్డర్ 37 అంటే సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో నోటు బాకీల్లాంటివి త్వరగా తేల్చే పద్ధతి, మామూలు దావాలో లాగా తీరిగ్గా రిటన్ స్టేట్‌మెంట్ (మీ రాతపూర్వక జవాబు) వేద్దామనుకుంటే మాత్రం వినరు. మీకొచ్చిన దావా కాపీలో నంబరు కింద ఆర్డర్ 37 అని ఉందేమో ముందు చూడండి. ఉంటే సమన్లు అందిన 10 రోజుల్లోగా అప్పియరెన్స్ (కేసులో హాజరవుతున్నామని కోర్టుకు తెలపడం) వేయాలి. వేయకపోతే అవతలివాళ్లు రాసిందంతా ఒప్పుకున్నట్టే లెక్క.

మా మేనమామది ఎరువుల కొట్టు. వడ్డీ వ్యాపారం చేసే ఒకాయన దగ్గర నోటు రాసి అప్పు తెచ్చాడు. కట్టినప్పుడల్లా ఆయన ఒక చిన్న పద్దు పుస్తకంలో తారీకు, మొత్తం వేసి పొట్టి సంతకం గిలికేవాడు. నోటు వెనక చెల్లు వేయమంటే "నోటు బీరువాలో ఉంది, రేపు చూద్దాంలే" అనేవాడు. అప్పిచ్చినవాణ్ని గట్టిగా అడిగితే ఏమనుకుంటాడోనన్న మొహమాటం మనవాళ్లలో ఎప్పటికి పోతుందో! చివరికి కట్టిందేదీ చూపించకుండా అసలు, వడ్డీ మొత్తానికీ దావా పడింది.

సమన్లు చూసి ఊళ్లో ఒక పెద్దాయన "సివిల్ కేసేగా, ఏళ్లకేళ్లు నడుస్తుంది, కంగారెందుకు" అన్నాడు. ఈ ఒక్క సలహా ఎన్ని కొంపలు ముంచిందో. మా లాయరమ్మ వెంటనే అప్పియరెన్స్ వేసింది. తర్వాత జడ్జిమెంటు కోసం రెండో సమన్లు వచ్చాయి. అవి అందాక మళ్లీ 10 రోజుల్లో, అఫిడవిట్‌తో లీవ్ టు డిఫెండ్, అంటే మన వాదన వినిపించుకోవడానికి కోర్టు అనుమతి, అడగాలి.

ఆమె జూనియరు రాసుకొచ్చిన అఫిడవిట్‌లో "సంతకం నాది కాదు, బాకీయే లేదు" అని ఉంది. మామయ్య చదివి, "సంతకం నాదేనమ్మా, కాదని ఎలా చెప్పను?" అన్నాడు. ఆమె ఆ కాగితం పక్కన పెట్టేసి, పద్దు పుస్తకం ముందేసుకుని, ఏ తారీకున ఎంత కట్టాడో వరసగా రాయించింది. ఇంకా ఇవ్వాల్సింది ఇంత అని కూడా ఒప్పుకుంటూ రాసింది. జడ్జిగారు ఆ పేజీలు తిప్పి చూసి, "ఈ రాత మీ క్లయింటుది కాదా?" అని అవతలి లాయరును అడిగితే ఆయన టైము కావాలన్నాడు. ఒప్పుకున్న మొత్తం కోర్టులో డిపాజిట్ చేయమని లీవ్ ఇచ్చారు. బాకీలో కొంత ఒప్పుకుంటే అది కట్టనిదే లీవ్ ఇవ్వకూడదని చట్టంలోనే ఉంది.

విచారించదగ్గ వాదన ఉంటే లీవ్ ఇవ్వాల్సిందేనని, పస లేకుండా కాలయాపనకు వేసిందైతేనే కాదనాలని సుప్రీంకోర్టు 1976లో మెకలెక్ ఇంజనీర్స్ కేసులో, మళ్లీ 2016లో ఐడీబీఐ ట్రస్టీషిప్ కేసులో చెప్పింది. లీవ్ రాని కేసుల్లో చాలావరకు చెడగొట్టేది ఆ "బాకీయే లేదు" తరహా అఫిడవిట్లేనని నా గట్టి నమ్మకం. ఖాళీ నోటు మీద సంతకం పెట్టానని ఒక్క మాట చెబితే నిలబడదు. స్టాంపు కాగితం మీద సంతకం చేసి ఖాళీగా ఇస్తే, నింపుకునే అధికారం ఇచ్చినట్టేనని 1881 నాటి నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం అంటుంది. ఎంత తీసుకున్నారు, ఎంత కట్టారు, ఎవరి ఎదుట కట్టారు, అన్నీ రాయించండి.

గడువు దాటినా ఆశ వదులుకోకండి. తగిన కారణం చూపిస్తే కోర్టు ఆలస్యాన్ని మన్నించగలదు. డిక్రీ అయిపోయాక కూడా ప్రత్యేక పరిస్థితులుంటే అదే ఆర్డర్ 37లోని రూల్ 4 కింద రద్దు చేయమని అడగొచ్చు, కాకపోతే అప్పుడు ఆలస్యానికి కారణంతో పాటు మీ వాదనలో బలముందనీ చూపించాలి.