హాజరు తగ్గింది, పరీక్ష రాయనిస్తారా?

ప్రశ్న: మా అబ్బాయి విశాఖలోని ఒక అటానమస్ ఇంజనీరింగ్ కళాశాలలో రెండో సంవత్సరం చదువుతున్నాడు. డెంగీతో కేజీహెచ్‌లో చేరడం, ఆ తర్వాత నీరసంతో ఇంటిపట్టునే ఉండిపోవడం వల్ల ఈ సెమిస్టర్‌లో జరిగిన 480 పీరియడ్లలో 326కే హాజరు పడింది. ఒక సబ్జెక్టులో 60కి 28 మాత్రమే ఉన్నాయి. ప్రతి సబ్జెక్టులోనూ కనీసం 50 శాతం ఉండాలని కళాశాల నిబంధన. కళాశాల వాలీబాల్ జట్టుతో వెళ్లిన రెండు రోజులకూ గైర్హాజరే వేశారు. పరీక్ష ఫీజు కట్టించుకుని, ఇప్పుడు డిటైన్ చేస్తామంటున్నారు. మెడికల్ సర్టిఫికెట్ ఇస్తే సరిపోదా?
– ఒక తండ్రి, గాజువాక

జవాబు: మెడికల్ సర్టిఫికెట్ ఇచ్చినంత మాత్రాన రాని రోజులకు హాజరు కలవదు. తగ్గిన హాజరును మన్నించమని కోరడానికి అది ఆధారంగా మాత్రమే పనికొస్తుంది. మన జేఎన్‌టీయూల బీటెక్ నిబంధనల ప్రకారం అన్ని సబ్జెక్టులూ కలిపి 75 శాతం హాజరు ఉండాలి. 65 నుంచి 75 శాతం మధ్య ఉన్నవారికి తగిన కారణం ఉంటే, నిర్ణీత రుసుము తీసుకుని కళాశాల అకడమిక్ కమిటీ కండొనేషన్ (హాజరు లోటుకు మన్నింపు) ఇవ్వవచ్చు. 65 కంటే తగ్గితే ఏ కారణం చెప్పినా మన్నింపు ఉండదు. మీ అబ్బాయిది 68 శాతానికి కాస్త తక్కువ కాబట్టి మొత్తం హాజరు విషయంలో దారి మూసుకుపోలేదు.

అసలు చిక్కు ఆ ఒక్క సబ్జెక్టులో ఉంది. 60కి 28 అంటే 47 శాతం కూడా లేదు, మొత్తం హాజరుకు ఇచ్చే కండొనేషన్ సబ్జెక్టువారీ లోటుకు కూడా వర్తిస్తుందని అనుకోవడానికి లేదు. అందుకే ముందుగా ఆ వాలీబాల్ రోజుల సంగతి తేల్చుకోండి. కళాశాల పంపిస్తేనే వెళ్లినట్లు ఫిజికల్ డైరెక్టర్ సంతకంతో కాగితం తెచ్చి, ఆ రెండు రోజుల్లోనూ ఈ సబ్జెక్టు క్లాసు జరిగిందేమో టైంటేబుల్‌తో సరిచూసి, హాజరు వేయమని హెచ్‌ఓడీకి రాతపూర్వకంగా దరఖాస్తు ఇవ్వండి. రోజుకొక పీరియడ్ చొప్పున కలిసినా 30 అవుతాయి, అంటే సరిగ్గా 50 శాతం. కళాశాల తరఫున ఆడటానికి వెళ్లిన పిల్లవాడికి గైర్హాజరు వేయడం న్యాయం కాదు కాబట్టి మొహమాటపడకుండా అడగండి.

ఫీజు కట్టించుకున్నంత మాత్రాన పరీక్ష రాసే అర్హత వచ్చినట్లు కాదు. హాజరు షరతు నెరవేరితేనే హాల్‌టికెట్ ఇస్తారు. డిటైన్ అయితే మాత్రం పరీక్ష తప్పినవారిలా సప్లిమెంటరీ రాయడం కుదరదు, ఆ సెమిస్టర్‌లో తిరిగి చేరి మొదటి క్లాసు నుంచి చదవాలి. ఒక్క జ్వరం వల్ల విద్యార్థికి ఇంత నష్టం జరిగే అవకాశం ఉన్నప్పుడు, హాజరు తగ్గుతున్న సంగతిని హాల్‌టికెట్ల వేళ దాకా ఆగకుండా నెలనెలా తల్లిదండ్రులకు తెలియజేయడం కళాశాలల కనీస బాధ్యత అని నా దృఢాభిప్రాయం.

డిశ్చార్జి సమ్మరీ, రక్తపరీక్షల రిపోర్టులు, విశ్రాంతి అవసరమని డాక్టరు రాసిన చీటీ జతచేసి కండొనేషన్ దరఖాస్తును ఈ వారమే ఇచ్చి, అందినట్లు ముద్ర వేయించుకోండి. అటానమస్ కళాశాలలు సొంత నిబంధనలు పెట్టుకుంటాయి కాబట్టి మీ అబ్బాయి చేరిన బ్యాచ్‌కు వర్తించే రెగ్యులేషన్ ప్రతిని కూడా అడిగి తీసుకుని, సబ్జెక్టువారీ నిబంధనను స్వయంగా చదవండి.

ప్రశ్న: నేను పీజీ చదువుతున్నాను. కాన్పు కారణంగా హాజరు తగ్గింది. నాకు మినహాయింపు ఉంటుందా?
– ఒక విద్యార్థిని, ఎంవీపీ కాలనీ

జవాబు: అడిగే ఆధారం మీకు గట్టిగానే ఉంది. డిగ్రీ, పీజీ చదివే మహిళలకు ప్రసూతి సందర్భంలో హాజరు సడలింపు, పరీక్ష దరఖాస్తుకు అదనపు గడువు వంటివి కల్పించేలా తగిన నిబంధనలు రూపొందించుకోవాలని యూజీసీ 2021 డిసెంబరులో విశ్వవిద్యాలయాలకు లేఖ రాసింది. అయితే ఆ లేఖతోనే సడలింపు దానంతటదే రాదు, మీ విశ్వవిద్యాలయం చేసుకున్న నిబంధన ప్రకారమే నిర్ణయం ఉంటుంది. లేఖను ప్రస్తావిస్తూ, ఆసుపత్రి పత్రాలు జతచేసి, ప్రిన్సిపాల్ ద్వారా రిజిస్ట్రార్‌కు దరఖాస్తు పంపండి.