అమెరికా రాక్ గాయకుడు బ్రూస్ స్ప్రింగ్‌స్టీన్ వాళ్ళ నాన్న కొడుకుతో ఎందుకు మాట్లాడేవాడు కాదు? నిజంగానే అంత చెడ్డ తండ్రా?

చెడ్డ తండ్రి కాదు. ఈ మాట ముందే చెప్పేస్తున్నా, ఎందుకంటే ఈ ప్రశ్న ఎవరు అడిగినా జవాబులన్నీ ఒకే దారిలో పోతాయి. తాగేవాడు, చీకట్లో కూర్చునేవాడు, కొడుకు జుట్టు మీదా గిటార్ మీదా పడేవాడు, అంతటితో మనిషి అయిపోయాడు. ఆ మనిషి పొద్దున్నే లేచి ఎక్కడికెళ్ళేవాడు, అక్కడ ఎనిమిది గంటలు ఏం చేసి వచ్చేవాడు అని ఎవరూ రాయరు. నాకు ఆ ఎనిమిది గంటల గురించే చెప్పాలని ఉంది.

నేను న్యూజెర్సీలో, ఎడిసన్‌లో ఉంటాను. ఇక్కడ మన తెలుగువాళ్ళు ఎంతమంది ఉన్నారో చెప్పక్కర్లేదు, ఓక్ ట్రీ రోడ్డులో కూరగాయలు కొంటుంటే పక్కనే గోదావరి యాస వినబడుతుంది. అదే ఊళ్ళో రూట్ 1 మీద ఒకప్పుడు ఫోర్డ్ కార్ల ఫ్యాక్టరీ ఉండేది, 1948లో మొదలైంది, 2004లో మూసేశారు, ఇప్పుడు ఆ స్థలంలో షాపులు వచ్చాయి. మనవాళ్ళు వారం వారం ఆ దారినే కారేసుకుని వెళ్తారు. ఆ ఫ్యాక్టరీ లైన్ మీద కొన్నాళ్ళు నిలబడి పనిచేసినవాళ్ళలో డగ్లస్ స్ప్రింగ్‌స్టీన్ ఒకడు, బ్రూస్ వాళ్ళ నాన్న. ఈ సంగతి నాకు ఇక్కడికొచ్చిన చాలా ఏళ్ళకి తెలిసింది, తెలిసిన రోజు సాయంత్రం పనిగట్టుకుని ఆ పార్కింగ్‌లో కారాపి కాసేపు కూర్చున్నాను.

ఆయన 1924లో పుట్టాడు, ఇక్కడికి దగ్గర్లోనే ఉన్న ఫ్రీహోల్డ్‌లో. ఆయన పసివాడిగా ఉన్నప్పుడే ఐదేళ్ళ అక్క మూడు చక్రాల సైకిల్ తొక్కుతూ లారీ కింద పడి చనిపోయింది. చదువు మధ్యలో ఆపేసి ఊళ్ళోని కరగూజియన్ తివాచీల మిల్లులో చేరాడు, యుద్ధం వస్తే యూరప్ వెళ్ళి మిలిటరీ లారీ తోలాడు, తిరిగొచ్చి 1947లో అడెల్ అనే ఇటాలియన్ల అమ్మాయిని పెళ్ళి చేసుకున్నాడు, 1949లో బ్రూస్ పుట్టాడు. మొదట్లో నాయనమ్మా తాతల ఇంట్లో ఉండేవాళ్ళు, ఆ ఇల్లంతటికీ చలికి ఒకటే కిరసనాయిలు పొయ్యి. ఉద్యోగం అంటారా, ఒకటి నిలిస్తే కదా. మిల్లు, ఫోర్డ్ లైన్, ప్లాస్టిక్ ఫ్యాక్టరీ, టాక్సీ, బస్సు, కౌంటీ జైల్లో గార్డు పని. తివాచీల మిల్లయితే 1960ల్లో మూతే పడింది, పని దక్షిణాది రాష్ట్రాలకి పోయింది. ఇంట్లో విడవకుండా జీతం తెచ్చింది అడెలే, లీగల్ సెక్రటరీగా. 1964 క్రిస్మస్‌కి షాపు అద్దంలో కనబడ్డ గిటార్ 60 డాలర్లు పెట్టి కొనిచ్చింది కూడా ఆవిడే. భార్య జీతం స్థిరంగా ఉండి తనది ఊగుతుంటే ఆ రోజుల్లో మగవాడికి ఎలా ఉంటుందో మనకి ఎవరూ చెప్పక్కర్లేదు, మన ఇళ్ళల్లో చూశాం.

రాత్రి అయ్యేసరికి ఆయన వంటింట్లో లైట్లన్నీ ఆర్పేసి, బీరు పెట్టుకుని సిగరెట్ కాలుస్తూ కూర్చునేవాడట. ఆలస్యంగా ఇంటికొచ్చిన కొడుకు ఆయన్ని దాటుకుని మేడెక్కాలి. బ్రూస్ ఈ వంటిల్లు గురించి స్టేజి మీద ఏళ్ళ తరబడి చెప్పాడు. నేను మొదటిసారి విన్నప్పుడు నాకు వంటిల్లు కనబడలేదు, మా అరుగు కనబడింది.

మా నాన్న ఉత్తరాంధ్రలో ఒక జూట్ మిల్లులో వీవర్. ఎక్కువగా బీ షిఫ్ట్, అంటే పొద్దున్న 11 నుంచి 2 దాకా, మళ్ళీ సాయంత్రం 5 నుంచి రాత్రి 10 దాకా, రోజంతా రెండు ముక్కలు. ఒంటినిండా గోగునార పీచు, నారకి పట్టించే బ్యాచింగ్ నూనె వాసన, ఎంత తోమినా పోయేది కాదు. లూమ్ షెడ్డు ఎలా ఉంటుందో చిన్నప్పుడు ఒకసారి క్యారియర్ ఇవ్వడానికెళ్ళి గేటు దగ్గర్నించి విన్నాను. వందల మగ్గాలు, ప్రతి మగ్గంలోనూ షటిల్ అటునుంచి ఇటు కొట్టుకుంటూనే ఉంటుంది, ఆ చప్పుడు చెవిలోకి కాదు పళ్ళల్లోకి వస్తుంది. లోపల ఎవరూ నోటితో మాట్లాడుకోరు, అంతా చేతి సైగలు. నీళ్ళకి ఒక సైగ, దారం తెగితే ఒకటి, సూపర్‌వైజర్ వస్తున్నాడంటే ఒకటి. చెవుల్లో ఆ గోగునార పీచే ఉండలు చేసి కుక్కుకునేవాళ్ళు, కంపెనీ ఇచ్చింది ఏమీ లేదు. నాన్న ఇంటికొచ్చాక కూడా సైగలే చేసేవాడు. అరచెయ్యి బోర్లిస్తే కూర్చో అని, రెండు వేళ్ళు ఆడిస్తే వెళ్ళు అని. పనోళ్ళకి చెప్పినట్టు చెప్తాడేంటి అని మేమనుకునేవాళ్ళం.

1994లో నాకు కాకినాడలో ఇంజినీరింగ్ సీటొచ్చింది. మా లైన్ ఇళ్ళల్లో మొదటి ఇంజినీర్ని. రాత్రి పదకొండు దాటింది, నాన్న భోంచేసి అరుగు మీద కూర్చున్నాడు, దీపం లేదు, బీడీ ఎర్రగా వెలుగుతోంది అంతే. నేను గుమ్మం దగ్గర నిలబడి "నాన్నా, కాకినాడలో సీటొచ్చింది" అన్నాను. తల ఊపాడు. ఇంకో దమ్ము లాగి రెండు వేళ్ళు ఆడించాడు, వెళ్ళి పడుకో అని. అంతే. నేను లోపలికెళ్ళి గోడవైపు తిరిగి పడుకున్నాను. ఆ తల ఊపు నేను ఇరవై ఏళ్ళు మోశాను. కాలేజీలో మోశాను, ఉద్యోగంలో మోశాను, అమెరికా ఫ్లైట్ ఎక్కేటప్పుడు కూడా నాకు అదే గుర్తుంది.

2014లో సెలవుకెళ్ళినప్పుడు అమ్మ పోరు పడలేక నాన్నని వైజాగ్ తీసుకెళ్ళి చెవుల టెస్ట్ చేయించాను. చిన్న క్లినిక్, టెస్ట్ గదికి సరైన తలుపు కూడా లేదు, నేను మూడడుగుల దూరంలో స్టూలు మీద కూర్చున్నాను. చెవులకి హెడ్‌ఫోన్స్ పెట్టి చేతిలో ఒక బటన్ ఇచ్చారు, కూత వినబడితే నొక్కాలి. నాన్న చిన్నపిల్లాడు పరీక్ష రాస్తున్నట్టు నిటారుగా కూర్చుని, బొటనవేలు బటన్ మీద పెట్టుకుని, కళ్ళు చిట్లించి వింటున్నాడు. టెక్నీషియన్ అమ్మాయి సౌండ్ పెంచుతోంది, పెంచుతోంది, ఒకచోట ఆ కూత హెడ్‌ఫోన్స్‌లోంచి బయటికి లీకై నాకు వినబడింది. స్టూలు మీద ఉన్న నాకు వినబడింది. నాన్న వేలు కదల్లేదు.

కాగితం మీద గీత 4000 హెర్ట్జ్ దగ్గర, అంటే సన్నటి శబ్దాల దగ్గర, గోతిలో పడ్డట్టు కిందికి పోయింది. ఆ అమ్మాయి చాలా ఓపిగ్గా చెప్పింది, మిల్లు చప్పుడుకి ముందు పోయేది ఆ పై స్థాయి శబ్దాలేనట. అంటే మాట వినబడదని కాదు, ఎవరో మాట్లాడుతున్నారని తెలుస్తుంది, కానీ స, త, క లాంటి హల్లులు రాలిపోయి మాట ముద్దలా వినబడుతుంది. ఆడవాళ్ళ గొంతు, పిల్లల గొంతు ముందు పోతాయి. బరువైన గొంతుతో మాట్లాడే మగాళ్ళు వినబడతారు. నాన్న టీ కొట్టు దగ్గర స్నేహితులతో మాట్లాడతాడు, మాతోనే మాట్లాడడు అని అమ్మ ముప్పై ఏళ్ళు ఏడ్చింది.

తిరిగొస్తూ ఆర్టీసీ కాంప్లెక్స్‌లో బస్సు కోసం కూర్చున్నప్పుడు, ఆయన చెవి దగ్గరకెళ్ళి ఆ కాకినాడ సీటు రాత్రి గుర్తుందా అని అడిగాను. నాన్న చాలాసేపు నా మొహం చూసి, "నువ్వేదో అన్నావురా, నాకు ఇనపడ్నేదు. మళ్ళా ఏటని అడిగితే బాగోదని తలూపీసి ఊరుకున్నాను. పొద్దున్న మీ అమ్మ సెప్పింది" అన్నాడు. ఆ పొద్దున్నే మిల్లుకెళ్ళి పీఎఫ్ లోన్‌కి దరఖాస్తు పెట్టాడట. అది నాకు అప్పటిదాకా ఎవరూ చెప్పలేదు.

ఇంత కథ ఎందుకంటే, డగ్లస్ స్ప్రింగ్‌స్టీన్ కూడా ప్లాస్టిక్ ఫ్యాక్టరీలో వినికిడి పోగొట్టుకున్నాడు. కొడుకు 1978 ఆల్బమ్‌లో ఒక చిన్న పాటలో ఈ సంగతి పెట్టాడు కూడా, అందరూ పాట బాగుందంటారు, ఆ ముక్క పట్టించుకోరు. అమెరికాలో కార్మికుల భద్రతకి ఓషా చట్టం వచ్చింది 1970లో. డగ్లస్ 1969లోనే భార్యనీ చిన్న కూతుర్నీ తీసుకుని కారులో కాలిఫోర్నియా వెళ్ళిపోయాడు, బ్రూస్ ఇక్కడే ఉండిపోయాడు. ఆయన చెవులు అరిగిపోయిన కాలంలో ఆయన్ని అడిగే నాథుడు లేడు. నేను డాక్టర్ని కాను, కానీ ఆ వంటింటి మౌనంలో సగం ఫ్యాక్టరీదే అని నాకు గట్టి నమ్మకం. వినబడని మనిషి లైటార్పుకుని కూర్చుంటాడు, ఎందుకంటే లైటుంటే ఎవరో వచ్చి ఏదో అంటారు, మళ్ళీ ఏంటి అని అడగాలి. నేను ఇది ఇంట్లో చూశాను, నాకెవరూ చెప్పక్కర్లేదు.

మిగతా సగం జబ్బు. అది దాచను. ఆయనకి మానసిక వ్యాధి ఉందని డాక్టర్లు తేల్చింది చాలా పెద్ద వయసులో, అప్పటిదాకా ఇంట్లోవాళ్ళు దాన్ని కోపం అనే అనుకున్నారు. బ్రూస్ తన డిప్రెషన్ గురించి కూడా దాచకుండా రాశాడు. కుర్రాడు మోటార్ సైకిల్ యాక్సిడెంట్ అయి కదల్లేక మంచం మీదుంటే మంగలిని పిలిపించి జుట్టు కత్తిరించేయించాడు ఈ తండ్రి, అది తప్పే. నేను సమర్థించను. కానీ ఇప్పుడు ఫోన్ పట్టుకున్న ప్రతివాడూ టాక్సిక్ పేరెంట్ అని ఒక ముద్ర కొట్టేస్తాడు చూడండి, అది నాకు ఒళ్ళు మండుతుంది. ఇంకోపక్క ఫాదర్స్ డే రోజు నాన్నంటే కొండ, నాన్నంటే ఆకాశం అని ఫార్వర్డ్‌లు. కొండ ఏంటండీ, ఆయనకి ఆడియోగ్రామ్, అదే ఆ చెవుల టెస్ట్, తీయించారా? మన ఫ్యాక్టరీ చట్టంలో చప్పుడు వల్ల వచ్చే చెవుడు ఎప్పటినుంచో వృత్తి వ్యాధుల జాబితాలో ఉండేది, ఈఎస్ఐలో పరిహారం అడగొచ్చు. మా నాన్నతో పనిచేసినవాళ్ళలో ఒక్కడు అడిగినట్టు నాకు తెలీదు. మిల్లు లాకౌట్లకి సమ్మెలు చేశారు, బోనస్ కోసం గేటు ముందు పడుకున్నారు, చెవుల గురించి మాత్రం ఎవరూ నోరెత్తలేదు, వయసొచ్చింది అనుకున్నారు. మీ ఇంట్లో మిల్లులోనో, రైస్ మిల్లులోనో, వర్క్‌షాప్‌లోనో చేసిన పెద్దాయన ఉండి, ఆయన మాట్లాడడు అని మీరనుకుంటుంటే, దయచేసి ఒకసారి టెస్ట్ చేయించండి.

డగ్లస్ మాట్లాడిన సందర్భాలు కూడా ఉన్నాయి, అవి ఎవరూ చెప్పరు. వియత్నాం యుద్ధానికి కుర్రాళ్ళని పట్టుకుపోతున్న రోజులు, బ్రూస్‌కి పిలుపొచ్చింది, ఇంట్లో చెప్పకుండా వెళ్ళొచ్చాడు. అంతకుముందు ఈ తండ్రే, మిలిటరీ వాళ్ళు తీసుకెళ్తేగానీ నువ్వు మనిషివి కావు అనేవాడు. వంటింట్లో కూర్చుని ఏమైందిరా అని అడిగాడు. నన్ను తీసుకోలేదు అన్నాడు కొడుకు. మంచిదయింది, అన్నాడు తండ్రి. యుద్ధం కళ్ళారా చూసొచ్చిన మనిషి అన్న మాట అది. 1985లో లాస్ ఏంజిల్స్ స్టేడియంలో బ్రూస్ ఇది అంత జనం ముందు చెప్పాడు.

ఇంకోటి 1990లో. బ్రూస్‌కి మొదటి కొడుకు పుట్టబోతున్నాడు. తండ్రి చెప్పాపెట్టకుండా ఎక్కడో ఉత్తరాన ఉన్న సాన్ మేటియో వైపు నుంచి కొన్ని వందల మైళ్ళు కారు తోలుకుంటూ లాస్ ఏంజిల్స్ వచ్చాడు. పొద్దున్న పదకొండింటికి ఇద్దరూ బీర్లు పెట్టుకుని కూర్చున్నారు. నువ్వు మమ్మల్ని బాగా చూసుకున్నావు, నేను నిన్ను సరిగ్గా చూసుకోలేదు, అన్నాడట. నీకు చేతనైంది చేశావు నాన్నా, అన్నాడు కొడుకు. ఆ తర్వాత ఎనిమిదేళ్ళకి, 1998లో, ఆయన పోయాడు. బ్రూస్ బ్రాడ్‌వే స్టేజి మీద ఒప్పుకున్నాడు, నేను ఫ్యాక్టరీలో ఎప్పుడూ పనిచేయలేదు, రాసిందంతా దాని గురించే, వేసుకున్న బట్టలు మా నాన్నవి అని. ఆ మాటకి నాకు ఆ మనిషి మీద చచ్చేంత గౌరవం.

2018లో అమ్మానాన్నలు ఇక్కడికొచ్చారు. నాన్నకి అప్పటికి రెండు చెవులకీ మిషన్లు. ఒక ఆదివారం ఫ్రీహోల్డ్ చూపిద్దామని బయల్దేరి, దారిలో ఫోర్డ్ ఫ్యాక్టరీ స్థలం దగ్గర కారాపి, ఇదిగో ఇక్కడ కార్ల కంపెనీ ఉండేది, మూసేశారు, ఒక పెద్ద పాటగాడి నాన్న ఇందులో పనిచేశాడు అని చెప్పాను. నాన్న పాటగాడి గురించి ఏమీ అడగలేదు. అద్దం దించి ఆ షాపులన్నీ ఒకసారి చూసి, "మూసినప్పుడు బకాయిలు ఇచ్చీసారా ఆళ్ళకి?" అన్నాడు. తర్వాత సీటు వెనక్కి వాల్చి వాళ్ళ మిల్లు లాకౌట్ మొదలెట్టాడు, గేటుకి తాళం పడ్డ రోజు ఏ షిఫ్ట్, ఎవరు ఏడ్చారు, ఎవరు ఎవరికి బియ్యం అప్పిచ్చారు, అమ్మ వెనక సీట్లోంచి పేర్లు అందిస్తోంది. ఫ్రీహోల్డ్ వచ్చేసింది, నేను కారు ఆపకుండా ఆ ఊరి చుట్టూ ఇంకో రెండు రౌండ్లు తిప్పాను.