పాస్టర్లు ఆదివారం తప్ప మిగతా ఆరు రోజులు ఏం చేస్తారు? పరిచర్య అంటే ప్రసంగమేనా?

మీరు ఆదివారం గురించి అడిగారు, నేను శనివారం గురించి చెబుతాను. అది కూడా పాస్టర్ గారి గురించి కాదు, వాళ్ళావిడ గురించి. మాది నల్లగొండ జిల్లా మర్రిగూడ మండలంలో చిన్న ఊరు. మా దగ్గర పాస్టర్‌ని అయ్యగారు అంటాం, ఆయన భార్యని అమ్మగారు అంటాం. నేను కళ్ళారా చూసిన పరిచర్యలో సగానికి పైగా చేసింది ఆ అమ్మగారే. చర్చి గోడకున్న పాలరాతి పలక మీద ఆమె పేరు లేదు.

మా నాయనమ్మకి ఫ్లోరైడ్ జబ్బు. మర్రిగూడ అంటే ఆ జబ్బు గుర్తుకు రానివాళ్ళు మా జిల్లాలో ఉండరు. లీటరు నీళ్ళలో ఒకటిన్నర మిల్లీగ్రాములకు మించి ఫ్లోరైడ్ ఉండకూడదంటారు, మావాళ్ళు అంతకు మించి ఉన్న బోరునీళ్ళే ఏళ్ళ తరబడి తాగారు. పటిక, సున్నం కలిపి ఫ్లోరైడ్ తీసే ఒక పద్ధతి ఉంది, నాగపూర్ శాస్త్రవేత్తలు కనిపెట్టి దానికి నల్లగొండ టెక్నిక్ అని మా జిల్లా పేరే పెట్టారు. పేరు అంతదూరం పోయింది కానీ మా వాడకి మంచినీళ్ళు వచ్చేసరికి నాయనమ్మ ఈడువాళ్ళు చాలామంది మంచాన పడ్డారు. ఈ కోపం నాకు ఇప్పటికీ పోలేదు, అందుకే ఇక్కడ కూడా రాస్తున్నాను.

నాయనమ్మకి నడుము వంగి, మెడ బిగుసుకుపోయింది. తల పైకి ఎత్తలేదు. ఎదురుగా మనిషి నిలబడితే ఆమెకు మోకాళ్ళ కింద వరకే కనిపించేది. అందుకని ఊళ్ళో అందరినీ కాళ్ళని బట్టి, చెప్పులని బట్టి గుర్తుపట్టేది. అమ్మగారివి నీలం పట్టీల రబ్బరు చెప్పులు. అవి గడప దగ్గర కనబడగానే "వచ్చినవా అమ్మగారూ" అనేది. ఆమె వయసు నాయనమ్మ వయసులో సగం ఉంటుందేమో, అయినా అమ్మగారనే పిలిచేది.

ప్రతి శనివారం పొద్దున అమ్మగారు వచ్చేవారు. బకెట్లో గోరువెచ్చని నీళ్ళు పెట్టించి, నాయనమ్మ పాదాలు అందులో నానబెట్టి, తర్వాత ఆ పాదం తన ఒడిలో చీర మీదే పెట్టుకుని, బ్లేడు సగానికి విరిచి గోళ్ళు తీసేవారు. వంగలేని మనిషికి కాలిగోళ్ళు ఎంత బాధ పెడతాయో ఇంట్లో అలాంటివాళ్ళు ఉంటేనే తెలుస్తుంది, పెరిగి పెరిగి చర్మంలోకి దిగుతాయి. మొదట్లో నాయనమ్మ ఒప్పుకోలేదు, "నా కాళ్ళు పట్టుకోకు, నాకు పాపం తగులుతది" అని ఏడ్చింది. "ఊకో అవ్వా, కదలకు, బ్లేడు తగులుతది" అని మాత్రం అన్నారు అమ్మగారు. యేసు శిష్యుల కాళ్ళు కడిగిన సంగతి ఎత్తి ఆమె ఒక్క మాట చెప్పగా నేను వినలేదు. గోళ్ళు తీయడం అయ్యాక చిన్న ప్రార్థన చేసి, టీ తాగి, పక్క వీధిలో ఇంకో మంచం దగ్గరికి పోయేవారు.

ఇక బల్ల సంగతి, అంటే యేసు జ్ఞాపకంగా రొట్టె, ద్రాక్షరసం పంచే ఆచారం. మా అయ్యగారికి మూడు ఊళ్ళు ఉండేవి. నెలలో మొదటి ఆదివారం ప్రభువు బల్ల ఇచ్చి, ఆరాధన అయిన వెంటనే మోపెడ్ మీద ఇంకో ఊరికి పోవాలి. చర్చికి రాలేని వాళ్ళకి ఎవరిస్తారు? అమ్మగారు స్టీలు డబ్బాలో రొట్టె ముక్క, చిన్న సీసాలో ద్రాక్షరసం పట్టుకుని ఇంటికి తెచ్చేవారు. నాయనమ్మ తల వెనక్కి వంచి గిన్నె ఎత్తుకోలేదు కాబట్టి చెంచాతో పట్టించేవారు. ఒక ఏడాది పాటు ఇలా జరిగింది.

ఇది సంఘ పెద్దల్లో ఒకాయనకి నచ్చలేదు. ఆర్డినేషన్ లేని, అంటే పాస్టర్‌గా అభిషేకం పొందని మనిషి, అందులోనూ ఆడమనిషి, బల్ల ఎట్లా ఇస్తుందని మీటింగ్ పెట్టారు. అయ్యగారు మంచి మనిషే, కానీ ఆ రోజు నోరు తెరవలేదు. ఇకనుంచి అయ్యగారే స్వయంగా ఇళ్ళకి వెళ్ళి ఇస్తారని తీర్మానం రాసుకున్నారు. ఆయనకి తీరిక దొరికింది ఆ సంవత్సరమంతా రెండే రెండుసార్లు. అమ్మగారు శనివారాలు రావడం మానలేదు, రొట్టె మాత్రం తేలేదు.

ఒకరోజు ఆ పెద్దాయన పరామర్శకి మా ఇంటికి వచ్చాడు. నాయనమ్మ ఆయన చెప్పుల వైపే చాలాసేపు చూసి, "ఎవరయ్యా నువ్వు, ఈ చెప్పులు నేనెన్నడూ సూడలే" అంది. నిజంగానే గుర్తుపట్టలేదు. ఆయన పేరు చెప్పుకోవాల్సి వచ్చింది.

తర్వాత నేను డిగ్రీకి వెళ్ళాక ఈ విషయం పట్టుకుని చాలా చదివాను. బైబిల్లో అపొస్తలుల కార్యములు 6వ అధ్యాయం చూడండి. విధవరాళ్ళకి రోజూ పంచే భోజనంలో తేడా వచ్చిందని గొడవ మొదలైతే, ఆ పనికి ఏడుగురిని ఏర్పాటు చేశారు. అక్కడ అన్నం వడ్డించే పనికీ వాక్యం చెప్పే పనికీ గ్రీకులో వాడింది ఒకటే మాట, డయాకోనియా, అంటే పరిచర్య, సేవ. మనమే ఒకదాన్ని వేదికెక్కించి ఇంకోదాన్ని వంటింట్లోకి తోశాం. క్రీ.శ. 150 ప్రాంతంలో రోమ్‌లో ఉన్న జస్టిన్ అనే ఆయన, ఆరాధనకి రాలేని వాళ్ళకి రొట్టె, ద్రాక్షరసం పరిచారకులే ఇళ్ళకి తీసుకెళ్ళేవారని రాశాడు. బైబిల్లోనే రోమా పత్రిక చివర్లో, దాన్ని రాసిన అపొస్తలుడు పౌలు కెంక్రేయ సంఘానికి పరిచారకురాలైన ఫీబే అనే ఆమెను పేరు పెట్టి చెప్పాడు. కాబట్టి అమ్మగారు చేసింది తప్పు కాదు, సంఘం మొదటి నుంచీ చేసిన పనే అది. పెద్దలదే తప్పని నేను ఎవరి ముందైనా చెబుతాను.

ఇప్పుడు హైదరాబాద్ నుంచి సాగర్ రోడ్డు మీద పోతుంటే రేకుల షెడ్డుకి కూడా ఇంటర్నేషనల్ మినిస్ట్రీస్ అని బోర్డు ఉంటుంది, ఫ్లెక్సీ మీద దైవజనుడి ఫొటో నిలువెత్తు ఉంటుంది. సౌండ్ బాక్సులకి లక్షలు పెడతారు. అదే సంఘంలో మంచాన పడ్డవాళ్ళు ఎంతమంది ఉన్నారో అడిగితే లెక్క చెప్పలేరు. అలాగని పల్లెటూరి పాస్టర్లందరినీ ఒకే గాటన కట్టొద్దు. మా అయ్యగారికి కానుకల్లో వచ్చేది పెట్రోలుకి, పిల్లల ఫీజులకి చాలేది కాదు, వానాకాలం పత్తి చేలో కూలికి కూడా పోయేవారు. దానికి సిగ్గుపడాల్సిన పని లేదు, పౌలు కూడా కొరింథులో డేరాలు కుట్టి బతికాడు. సిగ్గుపడాల్సింది నెలకి ఇంత అని ఇవ్వకుండా ఆయన బండి మీద లెక్కలు అడిగిన సంఘమే.

నాయనమ్మ 2013లో పోయింది. భూస్థాపనకి నలుగురు పాస్టర్లు వచ్చారు, ఒకరి తర్వాత ఒకరు మైకులో మాట్లాడారు. ఆ పొద్దున మా అమ్మతో కలిసి నాయనమ్మకి స్నానం చేయించి, ముడుచుకున్న చేతులు మెల్లగా సర్ది, చీర కట్టింది అమ్మగారు. ఆమెను రెండు మాటలు మాట్లాడమని ఎవరూ పిలవలేదు. అదే సంవత్సరం నంద్యాలలో పుష్పలలిత గారు బిషప్ అయ్యారు, సీఎస్ఐ (చర్చ్ ఆఫ్ సౌత్ ఇండియా) సంఘానికి మొట్టమొదటి మహిళా బిషప్, మన తెలుగు ఆమె. పేపర్లో ఆ ఫొటో చూసి కత్తిరించి అమ్మగారికి ఇచ్చాను. మడిచి బైబిల్లో పెట్టుకున్నారు.

అయ్యగారికి ట్రాన్స్‌ఫర్ అయి ఇప్పుడు దేవరకొండ దాటాక ఒక ఊళ్ళో ఉంటున్నారు. పోయిన క్రిస్మస్‌కి కేక్ తీసుకుని వెళ్ళాను. నా ఉద్యోగం, జీతం ఏమీ అడగలేదు. కేక్ ఇంకా చేతిలో ఉండగానే, "మీ నాయన మోకాళ్ళు ఎట్లున్నయి, కింద కూసుంటుండా?" అన్నారు.