‘డబ్బు పంచాయితీ’ అని ఠాణా నుంచి పంపించేస్తే?

ప్రశ్న: మాది జగిత్యాల జిల్లాలోని ఒక గ్రామం. దుబాయ్‌లో డ్రైవర్ ఉద్యోగం ఇప్పిస్తానని ఒక ఏజెంటు 2025 జనవరిలో నా దగ్గర 2 లక్షల 40 వేల రూపాయలు తీసుకున్నాడు. సగం ఫోన్‌పేలో పంపాను, సగం చేతికిచ్చాను. తరువాత అతను ఇచ్చిన వీసా నకిలీదని తేలింది. ఠాణాకు వెళితే ‘ఇది డబ్బు పంచాయితీ, సివిల్ కోర్టుకు వెళ్లు’ అని ఎస్సై ఫిర్యాదు తీసుకోలేదు. తెలిసినవారు పోలీసులను ఆదేశించమని కోరుతూ హైకోర్టులో రిట్ పిటిషన్ వేయమంటున్నారు. ఏం చేయాలి?

జవాబు: హైదరాబాద్ దాకా రానవసరం లేదు. ఎఫ్‌ఐఆర్ నమోదు చేయలేదంటూ నేరుగా హైకోర్టుకు రావడాన్ని ప్రోత్సహించవద్దని, అందుకు మెజిస్ట్రేట్ ఉన్నారని సుప్రీంకోర్టు 2007 డిసెంబరులో సకిరి వాసు కేసులోనే చెప్పింది.

ఎస్సై మాటలో కొంత నిజం లేకపోలేదు. అప్పు తీసుకుని ఎగ్గొట్టడం సాధారణంగా సివిల్ వివాదమే. డబ్బు చేతిలో పడేనాటికే మోసం చేసే ఉద్దేశం ఉంటేనే అది నేరం. మనసులోని ఉద్దేశాన్ని ఎలా చూపాలంటారా? మీ దగ్గరున్న వీసా కాగితమే చూపుతుంది. ప్రయత్నించి విఫలమైనవాడు వీసా రాలేదని చెబుతాడు గానీ దొంగ వీసా తెచ్చి చేతిలో పెట్టడు. ఐపీసీ స్థానంలో వచ్చిన భారతీయ న్యాయ సంహితలో సెక్షన్ 318(4) మోసానికి, 336(3) మోసం కోసం చేసిన ఫోర్జరీకి, 340(2) నకిలీ పత్రాన్ని అసలుదిగా వాడినందుకు వర్తిస్తాయి. ఇవి పోలీసులు వారెంటు లేకుండా అరెస్టు చేయగల నేరాలు. అలాంటి నేరం ఫిర్యాదులో కనిపిస్తే ఎఫ్‌ఐఆర్ తప్పనిసరి అని ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం 2013లో లలితా కుమారి కేసులో తేల్చింది. అయితే వ్యాపార లావాదేవీలు, మూడు నెలలకు మించి కారణం చెప్పని ఆలస్యం ఉన్నచోట ప్రాథమిక విచారణకు అదే తీర్పు వీలిచ్చింది. కాబట్టి ఇన్నాళ్లు ఎందుకు ఆగారో ఫిర్యాదులోనే రాయండి. ‘రేపు, ఎల్లుండి’ అంటూ అతను పంపిన వాట్సాప్ సందేశాలుంటే ఆలస్యానికి అవే సమాధానం.

ఇక దారి. సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత సెక్షన్ 173(4) ప్రకారం ముందు ఫిర్యాదును జిల్లా ఎస్పీకి పోస్టులో పంపాలి. స్పీడ్ పోస్టు చేసి రసీదు, అందినట్లు చూపే కాగితం దాచుకోండి. ఈ మెట్టు దాటేసి కోర్టుకెక్కిన పిటిషన్లు ఎన్నో వెనక్కి వచ్చాయి. అక్కడా కదలిక లేకపోతే 175(3) కింద మెజిస్ట్రేట్‌కు దరఖాస్తు చేయాలి. దానికి అఫిడవిట్, అంటే రాసింది నిజమని ప్రమాణం చేసే పత్రం, తప్పనిసరి. 2024 జూలై 1 నుంచి అమలైన ఈ కొత్త చట్టంలో పోలీసులు చెప్పేదీ పరిశీలించాకే మెజిస్ట్రేట్ ఆదేశమిస్తారు. ఒకటి రెండు వాయిదాలు పడితే కంగారు పడకండి.

నా దగ్గరకు వచ్చే పిటిషన్లలో ఎస్సై ఎలా కసిరాడో రెండు పేజీలుంటుంది, డబ్బు ఎప్పుడు, ఎవరి ఎదుట ఇచ్చారో రెండు వాక్యాలుంటుంది. మీది దానికి తలకిందులుగా ఉండాలి. చేతికిచ్చిన సొమ్ముకు సాక్షి ఎవరు, అది బ్యాంకు నుంచి తీశారా, అప్పు తెచ్చారా అన్నది రాయండి. ఒక్క రూపాయి కూడా పెంచి రాయవద్దు. అఫిడవిట్‌లో అబద్ధమాడితే కేసు మీ మీదికే వస్తుంది.

మరో సంగతి వకీలుతో తప్పక మాట్లాడండి. పోలీసులకు పంపకుండా, దీన్ని ప్రైవేట్ ఫిర్యాదుగా తీసుకుని మీ వాంగ్మూలం తానే నమోదు చేసే అధికారం మెజిస్ట్రేట్‌కు ఉంది. అప్పుడు రుజువులు తెచ్చే బరువు మీ నెత్తినే పడుతుంది. అందుకే పోలీసు దర్యాప్తు ఎందుకు అవసరమో దరఖాస్తులో విడిగా చెప్పండి: నకిలీ వీసా ఎక్కడ తయారైందో, మీ డబ్బు ఆ ఖాతా నుంచి ఎక్కడికి పోయిందో, ఇంకెంతమంది మోసపోయారో మీరు తవ్వి తీయలేరు.

ఆదేశం వచ్చాక పోలీసులు ఎఫ్‌ఐఆర్ కట్టక తప్పదు, దాని నకలు మీకు ఉచితంగా ఇవ్వాలి. అంతమాత్రాన మర్నాడే అరెస్టు ఉంటుందనుకోవద్దు. దర్యాప్తు చేసి ‘సివిల్ స్వభావం’ అంటూ కేసు మూసేయమని నివేదిక పెట్టినా, మీకు నోటీసు ఇచ్చి, మీ అభ్యంతరం విన్నాకే మెజిస్ట్రేట్ దానిపై నిర్ణయం తీసుకోవాలి.

ఈలోగా ఆ వీసా అసలు కాగితం ఎవరి చేతికీ ఇవ్వకండి, జిరాక్సులే ఇవ్వండి. ఫోను మార్చినా పాతది పారేయకండి.